మా ఊళ్ళో చావుకి తుపాకి పేల్చరు

ఆ పీట ఇటు లాక్కుని కూర్చో అమ్మాయ్. నిలబడి అడిగితే నాకు పోలీసులు గుర్తొస్తారు. ఏవిటీ, మొన్న మొణ్ణప్ప పోతే తుపాకి ఎందుకు పేల్చలేదనా? అడుగుతావనే అనుకున్నా. మీ పుట్టింటి వైపు ఇంకా పేలుస్తారుగా, బిడ్డ పుడితే ఒకటి, మనిషి పోతే వెంటవెంటనే రెండు. ఆ రెండు మోతలు వినగానే తెల్లబట్టలు కట్టుకుని బయల్దేరడమే, పిలుపులూ కబుర్లూ అక్కర్లేదు. మీ ఆయన్ని అడిగితే మా ఊళ్ళో ఆ ఆచారం లేదన్నాడా? వాడి మొహం. వాడు పుట్టకముందు సంగతి వాడికేం తెలుసు. ఆచారం ఎందుకు లేదూ, కొడగులో తుపాకి లేని ఇల్లుందా, మోత లేని చావుందా? ఉండేది. మేమే మానేశాం. యాభై ఎనిమిదేళ్ళయింది. ఈ కాఫీలో బెల్లం వేశావా, చక్కెరా? బెల్లమే. బాగుంది. మా ఆవిడ బోజవ్వ పోయాక ఈ ఇంట్లో కాఫీకి రుచి లేదనుకున్నా, నువ్వొచ్చి నిలబెట్టావు.

ఎక్కడున్నాం? ఆఁ, తుపాకులు. అసలు సంగతి చెప్పాలంటే ముందు దేచు సంగతి చెప్పాలి. దేచవ్వ, మా మేనమామ బిద్దయ్య కూతురు. పదహారేళ్ళు. నాకు పంతొమ్మిది. దాని ఫోటో ఒక్కటీ లేదు, ఉంటే చూపించేవాణ్ణి. అందగత్తె అని చెప్పను, పోయినవాళ్ళందర్నీ అందగత్తెల్ని చేస్తారు జనం. ముందు పన్ను కొంచెం విరిగి ఉండేది, వక్క కొరికి విరగ్గొట్టుకుంది. నడిచేది కాదు, పరిగెత్తేది. నోరంటావా, అబ్బో. ఆ రోజుల్లో నాకో గొప్ప ఉండేది. ఎక్కడ తుపాకి పేలినా ఇది ఫలానా వాళ్ళింటి తుపాకి అని చెప్పేవాణ్ణి. పెద్దవాళ్ళు కూడా వచ్చి, ఒరే కుట్టయ్యా, ఇందాక పేలింది ఎవరిదిరా అని అడిగేవాళ్ళు. నేను కళ్ళు మూసుకుని, తల ఇలా పక్కకు వంచి, చెప్పేవాణ్ణి. సగం సార్లు సరిపోయేది. సరిపోని సగం ఎవరికీ గుర్తుండదు కదా. దేచు మాత్రం నమ్మేది కాదు. "నీ చెవులు పెద్దవే బావా, రెంటికీ మధ్యలోనే ఏమీ లేదు" అనేది. అందరి ముందూ అనేది.

దానికి పుట్టగొడుగుల పిచ్చి. వానలు పట్టాక బుట్ట పట్టుకుని కొండ వైపు పోయేది, మధ్యాహ్నానికి నిండుగా తెచ్చేది. ఎక్కడ దొరికాయే అంటే మూగదైపోయేది. నీకు తెలుసుగా, పుట్టగొడుగులు మొలిచే చోటు కన్నతల్లికి కూడా చెప్పరు. చెబితే మరుసటి ఏడు మొలవవట. వాళ్ళమ్మ చోందవ్వత్త బతిమాలినా చెప్పలేదు. నాకు మాత్రం చూపించింది. ఆ ఏడు ఆషాఢంలో, వాన వెలిసిన పూట, కాఫీతోట దాటి, వెదురు పొద పక్కనుంచి తీసుకెళ్ళి చూపించింది. ఎందుకే నాకు చూపించావంటే, "ఎప్పుడో ఒకప్పుడు ఒకే పొయ్యి మీద వండుకోవాలి కదా, అప్పుడు చూపిస్తే గొప్పేముంది" అంది. అంతే. మా ఇద్దరి మధ్యా పెళ్ళిమాటంటే అదొక్కటే నడిచింది. ఇళ్ళల్లో ఎవరూ పైకి అనలేదు గానీ అందరికీ తెలుసు. మామ కూతురు కదా. బోజవ్వకీ తెలుసు, పెళ్ళయ్యాక నేనే చెప్పా. పుణ్యాత్మురాలు, ఏటా దేచు పోయిన రోజున పుట్టగొడుగులు వండేది కాదు.

ఆ రోజు కైలుపొళ్దు మర్నాడు. నాట్లయ్యాక వచ్చే మన తుపాకుల పండగ నీకు నేను చెప్పాలా. ఊరు ఊరంతా తుపాకులు తీసి, పూజ చేసి, గొట్టాలకి ఎర్రపూలు గుచ్చి, చెట్టు మీది కొబ్బరికాయల్ని కొట్టి, పందికూరా బియ్యపునూక కడుబులూ తిని, తాగి, మర్నాడు పొద్దెక్కినా లేవని ఊరు. నేను లేచా, మడిలో నీళ్ళు తీయాలని మా నాన్న తన్ని లేపాడు. పొద్దున తొమ్మిదైవుంటుంది. మంచు ఇంకా విడలేదు. కొండ వైపు నుంచి ఒక తుపాకి మోత వినపడింది. కాసేపటికి ఇంకొకటి. రెండూ విని పార పక్కన పడేశా. ఉత్తప్ప తాత పోయాడు అనుకున్నా. ఎందుకంటే కొండకి అవతల వైపున్నది వాళ్ళిల్లే. తాత నెల రోజులుగా మంచం దిగలేదు, పండక్కి కూడా లేవలేదు. రెండు మోతల మధ్యా ఉండాల్సినదానికంటే కాస్త ఎడం ఎక్కువుంది, నిజం చెప్పాలి, అది గమనించా. తండ్రి పోయినవాడి చెయ్యి వణికి ఉంటుందిలే అని నాకు నేనే సర్దిచెప్పుకున్నా. ఈలోగా అటూ ఇటూ ఇళ్ళ నుంచి అరుపులు, ఎవర్రా, ఎవరింట్లోరా అని. నేను గట్టు మీద నిలబడి, ఉత్తప్ప తాత ఇంటి తుపాకి అని చెప్పా. అనుమానంగా చెప్పలేదు అమ్మాయ్. తల పక్కకి వంచి మరీ చెప్పా.

ఇంకేముంది, నా మాట వేదం. గంటలో ఊరంతా తెల్లబట్టల్లో కొండ చుట్టి బండిదారిన బయల్దేరింది. ఆడవాళ్ళు అప్పుడే ముక్కులు చీదుకుంటున్నారు. మా చోందవ్వత్త, దేచు పుట్టగొడుగులకి పోయింది, మోతలు వినే ఉంటుంది, అటునుంచటే వస్తుందిలే అంది. అందరం ఉత్తప్ప తాత వాకిట్లోకి అడుగుపెడితే, తాత అరుగు మీద కూర్చుని నిన్నటి పందికూరతో రొట్టె తింటున్నాడు. నెల రోజులుగా లేవనివాడికి ఆ పొద్దునే ఆకలేసింది. తెల్లబట్టల్లో మమ్మల్నందర్నీ చూసి ముద్ద చేత్తో పట్టుకుని, అయ్యో, ఎవరు పోయారర్రా అన్నాడు.  మొణ్ణప్పే, అప్పుడు వాడికీ ఇరవై ఏళ్ళే, నువ్వే తాతా అన్నాడు. తాత ముద్ద నోట్లో పెట్టుకుని నమిలి మింగి, "నాకెవరూ చెప్పలేదే" అన్నాడు. ఇక నవ్వులు చూడూ. ఏడవడానికొచ్చిన ఆడవాళ్ళు పొట్టలు పట్టుకున్నారు. ఎవడో తాగి ఇంకా కొబ్బరికాయలు కొడుతున్నట్టున్నాడని తేల్చారు. నన్ను ఆటపట్టించారు. వచ్చినవాళ్ళు ఎలాగూ వచ్చారు, కాఫీ తాగిపొండన్నాడు తాత. మధ్యాహ్నం దాకా అక్కడే ఉండిపోయాం. చోందవ్వత్త తర్వాత చాలా ఏళ్ళు, కనపడిన వాళ్ళందరితో ఒకే మాట అనేది, ఆ పూట నేను రెండోసారి అడిగి మరీ కాఫీ తాగాను అని. మిగతా ఏమీ అనేది కాదు, ఆ ఒక్కటే.

ఇంటికొచ్చాక దేచు లేదు. వెతకడం మొదలుపెట్టారు, వాగు వైపు కొందరు, తోటల్లో కొందరు. ఎక్కడని వెతుకుతారు, ఆ చోటు ఎవరికీ చెప్పలేదుగా. నాకొక్కడికే తెలుసు. నేనే పోయా. వెదురు పొద దగ్గరే ఉంది. బుట్ట నిండా పుట్టగొడుగులు, పైన ఆకు కప్పి ఉంది. కడుపులో గుండు తగిలింది. నేను దాన్ని మోసుకుని దిగివచ్చా. ఎంత బరువుందని అడిగేవాళ్ళు పిల్లలు, చిన్నపిల్లలు కదా తెలీక అడుగుతారు. బరువేం లేదు.

పోలీసులొచ్చారు. ఆ ఇన్‌స్పెక్టరు మైదానం వైపు వాడు. మా పద్దెనిమిది ఇళ్ళ నుంచి ముప్పై ఒక్క తుపాకులు తెప్పించి బడి వరండాలో పరిచి పెట్టించాడు. ఒక్కో గొట్టం ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూశాడు. ముందురోజు పండగాయె, అన్నీ మందు కంపే. కొన్నింటికి ఇంకా ఎండిన పూలు వేలాడుతున్నాయి. పాపం, నడుం మీద చేతులు పెట్టుకుని, "ఎక్కడైనా తుపాకి ఉన్నవాడి కోసం వెతుకుతాం, ఇక్కడ లేనివాడి కోసం వెతకాలి" అన్నాడు. ఆ చోటు నీకొక్కడికే ఎలా తెలుసురా అని నన్ను నాలుగు రోజులు స్టేషన్లో కూర్చోబెట్టాడు. మోతలు పేలినప్పుడు నేను గట్టు మీద ఉన్నానని ఊరంతా వచ్చి చెబితే వదిలేశాడు. ఇంకెవరూ దొరకలేదు. ఆ కాగితాలు ఇప్పటికీ ఎక్కడో చెదలు తింటూ ఉంటాయి.

ఎవరు చేశారంటావా? పేరు నాకు తెలీదు. ఏం జరిగిందో మాత్రం తెలుసు. దేచు ఒంట్లో ఒకటే గుండు ఉంది అమ్మాయ్. మోతలు రెండు. పొదలో కదలిక చూసి అడవిపందనుకుని కొట్టాడెవడో. దగ్గరికెళ్ళి చూశాడు. అక్కడిదాకా పొరపాటే, ఏ వేటగాడికైనా జరిగేదే. అప్పుడే కేకేసి ఉంటే ఊరంతా పరిగెత్తేది. డాక్టరు చెప్పాడు, గంటో గంటన్నరో బతికే ఉంది ఆ పిల్ల అని. వాడు కేకెయ్యలేదు. ఆకాశంలోకి రెండోది పేల్చాడు. రెండు మోతలు వింటే ఊరు ఊరంతా ఉత్తప్ప తాత ఇంటికే పోతుందని, కొండ ఇవతల ఒక్క పురుగు కూడా మిగలదని వాడికి తెలుసు. పరాయివాడికి ఎలా తెలుస్తుంది? మావాడే. దేచుని చంపింది మొదటిది కాదు, ఆ రెండోది. వాడూ ఇంటికెళ్ళి తెల్లబట్టలు కట్టుకుని, మాతో పాటు నవ్వి, కాఫీ తాగాడు. ఉత్తప్ప తాతకి కూడా అదే తోచింది. ఆయన ఇంకో పదకొండేళ్ళు బతికాడు. పోయేముందు కొడుకుల్ని పిలిచి, నాకు తుపాకి పేల్చొద్దురా, నా మోతలు రెండూ ఆ పిల్లకి పోయాయి అన్నాడు. పేల్చలేదు. ఆయనకి లేంది మాకెందుకని తర్వాతివాళ్ళూ వద్దన్నారు. ఇప్పుడు మనిషి పోతే ఇంటింటికీ ఎవరో ఒకరు వెళ్ళి తలుపు కొట్టి చెబుతారు. అలా మొదలైంది.

నన్ను ఊళ్ళో మంచివాడంటారు, విన్నావా? ఎవరు చావుబతుకుల్లో ఉన్నా కుట్టయ్య తాత వెళ్ళి పక్కన కూర్చుంటాడు, నీళ్ళు పోస్తాడు, చెయ్యి పట్టుకుంటాడు అంటారు. దయ కాదు తల్లీ. ఆ రోజు తాత వాకిట్లో నేను కాక తుపాకి పట్టే మగాళ్ళు ఇరవై ఏడుగురు. ఒక్కొక్కడూ పోయే వేళకి పక్కన కూర్చున్నా, చివరి ఘడియలోనైనా నోరు విప్పుతాడేమోనని. ఒకడు నా చెయ్యి పట్టుకుని భోరున ఏడ్చాడు. ఇదిగో, వీడే అనుకున్నా. తీరా చూస్తే మా మడిగట్టు రెండడుగులు జరిపాడట, అదీ వాడి పాపం. ఇంకొకడు ఎప్పుడో పోయిన మేనత్తని తిట్టుకుంటూ పోయాడు. మొణ్ణప్ప దగ్గర నాలుగు రోజులు కూర్చున్నా. ఆఖరివాడు కదా. నాలుగోరోజు కళ్ళు తెరిచి నన్నే చూశాడు. చెప్పరా, ఏదైనా ఉంటే చెప్పు అన్నా. గంజిలో ఉప్పు తక్కువైందన్నాడు. అంతే. వాడు కూడా కాదేమో. లేక చెప్పలేదేమో. ఇంక అడగడానికి ఎవరూ మిగల్లేదు, నేను తప్ప.

అదీ, నేను తప్ప. ఇరవై ఏడుగురి నోట్లోంచి నిజం రావాలని కూర్చున్నవాణ్ణి, నాదొకటి ఇన్నేళ్ళూ మింగేశా. పోలీసులకి చెప్పలేదు. చోందవ్వత్తకి చెప్పలేదు. బోజవ్వకి చెప్పలేదు, పడుకున్నప్పుడు రెండు మూడుసార్లు నాలిక చివరిదాకా వచ్చింది. నీకెందుకు చెబుతున్నానో తెలీదు, నువ్వు దాన్ని చూడలేదు కాబట్టేమో. ఆ రోజు రెండో మోత తర్వాత, నేను గట్టు మీద నుంచి అందరికీ చెప్పేశాక, కొండ వైపు నుంచి కూత వినపడింది. పొలాల మీదుగా పిలుచుకుంటామే, ఆ కూత. దేచుదే. దాని కూత నాకు తెలియకపోవడమేంటి, అందులో మాత్రం నేనెప్పుడూ పొరబడలేదు. మా ఇద్దరికీ ఒక ఏర్పాటుండేది, అది కూస్తే రమ్మని. వెళ్ళగలిగితే నేను తిరిగి కూసేవాణ్ణి, వీల్లేకపోతే ఊరుకునేవాణ్ణి. ఆ పూట అది, మోతలు విన్నావా అంటోందనుకున్నా. విన్నాలే, తాత ఇంటికి పోతున్నా అనే అర్థంలో నేనూ కూశా. గట్టిగా, రెండు చేతులూ నోటి దగ్గర పెట్టుకుని కూశా. కూసి, తెల్లబట్టల కోసం ఇంటికి పరిగెత్తా.

కూయకుండా ఉన్నా బాగుండేది. బావ లేడులే అనుకుని ఇంకెవరినైనా పిలిచేదేమో, పాక్కుంటూ తోటదాకా వచ్చేదేమో. అది రెండోసారి కూయలేదమ్మాయ్. నాకు వినపడినంతలో కూయలేదు. ఎందుకు కూస్తుంది? నేను వస్తున్నానని చెప్పేశా కదా. సాయంత్రం నేను వెళ్ళేసరికి చెట్టుకి వీపు ఆనించి కూర్చుని ఉంది, బుట్ట ఒళ్ళో పెట్టుకుని. ఎటు తిరిగి కూర్చుందనుకున్నావు? నేనొచ్చే దారి వైపు.

లేలే, వెళ్ళి ఆ గేటు వెయ్యి. ఆవు లోపలికొస్తోంది.