వెదురు కర్ర

టోక్యోలోని ఒక సుమో కుస్తీ శిక్షణశాల. పొద్దుటి సాధన ముగిశాక వంటగదిలో గురువుగారి భార్య, డాక్యుమెంటరీ దర్శకుడు.

"మన కుర్ర మల్లుడు హయానామికి ఎడమ చెవి ఇక వినపడదట. మా ఆయన వాణ్ణి వెదురు కర్రతో బాదింది మీరు కెమెరాలో తీశారుగా, పోలీసులకివ్వండి."

"ఇస్తే గురువుగారు నా సినిమా ఆపేస్తారు, అమ్మగారూ. మూడేళ్ల కష్టం."

"సినిమాలోనైనా ఉంచుతారా?"

"కుస్తీకి ముందు బరిలో ఉప్పు చల్లడం, మల్లుల జుట్టు ముడి... అన్నీ అందంగా వచ్చాయి. ఆ ముక్క అతకదు."

"వాడు కిందపడి అరుస్తుంటే ఏం చేశారు?"

"వెలుతురు బాగా పడుతోంది. తీస్తూనే ఉన్నాను."

"ఛీ! మూడేళ్లు మీకు వండిపెట్టాను. ఇక నేనే వెళ్తాను."

"ఎక్కడికి బయల్దేరారు?"

"పోలీస్ స్టేషన్‌కి. నేనూ కళ్లారా చూశాను, చెప్తాను."

"ఆయన మీ భర్త కదండీ!"

"అందుకే ఇన్నాళ్లూ నోరు మూసుకున్నాను. మీకేం రోగం?"