ఎనిమిది రోజుల వారం

రంగూన్, లమ్మడా పేటలో తెలుగువాళ్ల సంఘం హాలు. ఉచిత వైద్య శిబిరం. బల్లకి అటు కాకినాడ నుంచి వచ్చిన డాక్టరు సత్తిరాజు; ఇటు డెబ్బై దాటిన యర్రయ్య; ఆయన పక్కన, ఆయన పడవ పాసుని చేతిసంచిలో దాచేసిన కూతురు పద్మిని.

"అంటే మీ నాన్నగారు రోజూ ఒకే మనిషికి తన పేరు చెప్పుకుంటున్నారంటారు?"

"అవును డాక్టరు బాబూ! పొద్దున్నే పడవెక్కి ఏటి అవతల దలా ఎల్లిపోతాడు. రేవు కాడ టీ కొట్లో కూకుని 'నాను యర్రయ్యని, యర్రయ్యని' అంటాడంట. నిన్నా అదే, మొన్నా అదే. సూసినోళ్లు సెప్పారు. మీరు సరే అంటేనే ఈ పాసు. నేదంటే పడవా నేదు, దలా నేదు."

"సూసారా బాబూ! మీ పరీచ్చ పాసైతేనే నా పడవ పాసు!"

"భయపడకండి యర్రయ్యగారూ. బుర్ర ఎంత చురుగ్గా ఉందో చూస్తాను, అంతే. పక్షవాతం తగిలినా, వణుకుడు జబ్బొచ్చినా, మనసు దిగులుతో కుంగిపోయినా, విన్న మాటని అందుకుని జవాబు పంపడానికి మెదడు ఆలస్యం చేస్తుంది."

"ఎక్కిన మాట దిగదు. ఇంజను సెడ్డ పడవ."

"భలే చెప్పారు!"

"జవాబులు తప్పితే మందు రాస్తారా?"

"తప్పుల్ని బట్టి."

"అలగైతే అడగండి."

"వారానికి ఎన్ని రోజులు?"

"ఎనిమిది."

"ఇంకోసారి ఆలోచించండి."

"పది సార్లు ఆలోసించినా ఎనిమిదే. బుధవారాలు రెండు. పొద్దుటిది బుధవారం, మద్దేన్నం దాటితే రాహు."

"అది తప్పు కాదు డాక్టరు బాబూ! ఇక్కడ పుట్టినరోజుల లెక్క అంతే. పగోడాలో రోజుకో జంతువు. పొద్దుటి బుధవారానికి దంతాలున్న ఏనుగు, రాహుకి దంతాల్లేని ఏనుగు."

"రాహువంటే గ్రహం కదమ్మా?"

"ఆ గ్రహాన్ని ఒగ్గీండి బాబూ. ముందు మా అమ్మాయి ఆగ్రహం సూడండి."

"సరే, ఎనిమిదికీ మార్కు వేశాను. మీరు ఏ రోజు పుట్టారు?"

"రాహు."

"నాన్నా! నువ్వు శనివారం గదా!"

"మద్దిలో మాటాడకే."

"జంతువుల పేర్లు చెప్పండి. ఒక్క నిమిషం టైము."

"ఏనుగు."

"ఊఁ."

"ఏనుగు."

"అది చెప్పేశారు."

"ఇది దంతాల్లేంది."

"హహ్హ! ఇంకా? ... యర్రయ్యగారూ? ... ఏమండీ, వినపడుతోందా?"

"ఇంతసేపు పడతాది బాబూ. రాసుకోండి."

"రాసుకున్నాను. పొద్దున్న ఏం తిన్నారు?"

"మొహింగా. తిన్నానో, నేదో. రెండుసార్లు తిన్నాను కావాల."

"నీకు ఆ సేపల పులుసు వాసనే గిట్టదు గదా నాన్నా! నా సేత్తో సద్దన్నం ఎట్టాను!"

"మీ ఇల్లెక్కడండీ?"

"దలా."

"లమ్మడా! మూడో అంతస్తు! ఆ మెట్లని రోజూ తిడతావు గదా!"

"పిల్లలు?"

"నేరు."

"మరి నానెవుర్ని? నానెవుర్ని నాన్నా?"

"పద్మినిగారూ, కూర్చోండి. కంగారు పడకండి. కానీ... ఈయన్ని ఒంటరిగా పడవ ఎక్కించకండి."

"ఓలమ్మో! నాన్నా!"

"ఏడవకే. బాబూ, ఇంత ముదిరినా మందుంటాదా?"

"దిగులు వల్లయితే తేరుకునే వీలుంది. ముందు అదా, వేరే జబ్బా తేలాలి. ఎప్పట్నుంచి ఇలా?"

"ఆవిడ పోయిన కాణ్ణించి."

"ఎవరావిడ?"

"ఆయే ఆయే అని, పెళ్లాం."

"ఆయే ఆయే ఏటి? మా అమ్మ సన్యాసమ్మ! ఇంటి కాడ రాయిలాగుంది! ఇప్పుడే బియ్యం కడుగుతూ నిన్ను తిట్టింది! ఆయే ఆయే అంటే దలాలో ఉన్న నీ నేస్తం సోయ్ విన్ పెళ్లాం గదా..."

"ఇప్పుడు ఒడ్డుకి సేరింది నా కూతురు. బాబూ, ఆ కాగితం మీద యర్రయ్య కొట్టేసి సోయ్ విన్ అని రాయండి. ముప్పై ఏళ్లు ఇద్దరం ఈ ఊరి రేవులో బస్తాలు మోసాం. డాక్టరంటే ఆడు రాడు. అందుకే ఆడి బుర్ర నాను మోసుకొచ్చాను."

"మహానుభావా! ఒకరి తలకి ఇంకొకరు పరీక్ష రాయడం కుదరదండీ. మనిషిని చూడాలి. నేను రేపు సాయంత్రం దాకా ఇక్కడే ఉంటాను."

"అయితే పాసు ఇప్పించండి. మనిషినే మోసుకొస్తాను."

"ఇదుగో నాన్నా, నీ పాసు. రేపు నానూ వస్తాను, సెరో సెయ్యీ పట్టుకుందాం. కానీ ఒక్కటి సెప్పు. ముప్పై ఏళ్ల నేస్తానికి రోజూ నీ పేరు సెప్పుకోడమేటి?"

"ఆడు రోజూ అడుగుతాడే, నువ్వెవుడివి అని."