మన సౌండుగారు దర్శకులైన వేళ

1988 జూన్ 13, సోమవారం ఉదయం మన చిత్రనిర్మాణ సంస్థ శబ్దగ్రహణ విభాగంలో సహాయకులుగా చేరిన మిత్రులు ఈ నెలాఖరున దర్శకుల హోదాలో పదవీ విరమణ చేస్తున్నారు. ఎడిటింగ్ గదిలో ఏళ్ల తరబడి ఆయన పక్క కుర్చీలో కూర్చున్నవాడిగా ఈ నాలుగు మాటలు రాసే భాగ్యం నాకు దక్కింది. హోదాలు ఎన్ని మారినా ఆయన మనందరికీ సౌండుగారే.

తొలినాళ్లలో మైకు పట్టుకోవడం, తీగలు చుట్టిపెట్టడం ఆయన పని. రేకుల మీద పడే వాన వేరు, గొడుగు మీద పడే వాన వేరు అని అందరికీ తెలుసు. ఏ పాత్ర ఏ వానలో తడవాలో మాత్రం ఆయన చెప్పాకే మాకు తెలిసేది. సౌండ్ డిజైనర్‌గా ఆయన పేరు తెరకెక్కేనాటికి, గిన్నె మీద మూత పెట్టిన చప్పుడుతోనే ఆ ఇంట్లో భార్యాభర్తలు మాట్లాడుకోవడం లేదని ప్రేక్షకులకు తెలిసిపోయేది.

ఈ కీర్తిలో సగం ఆయన శ్రీమతికి చెందుతుంది. ‘‘తలుపు కిర్రుమంటోంది, కాస్త నూనె వేద్దామంటే వెయ్యనివ్వరు వదినా! అలాంటి కిర్రు మళ్లీ దొరకదట. నేను కోప్పడితే దానికీ మైకు తెచ్చుకుంటారు’’ అని ఆవిడ ఒకసారి మా ఇంటావిడతో మొరపెట్టుకున్నారు.

‘‘కోపం బాగా వచ్చిందిలే. ఇంకోసారి కోప్పడితే ఇంకా బాగుంటుంది’’ అన్నారు పక్కనే ఉన్న సౌండుగారు.

అంతటి పేరు వచ్చాక ఆయన సొంతంగా కథ రాసుకుని, దర్శకత్వం చేస్తానని సంస్థను అడిగారు. ఉన్నది చాలదా, ఈ వయసులో దేవుడు ఈయన మనసులో ఈ కోరిక ఎందుకు పెట్టాడు అని అప్పట్లో నాకు అనిపించింది.

మొదటి రోజు షూటింగు ఒక ఇంటి సెట్లో. కొడుకు ఊరు విడిచి వెళ్తుంటే తల్లి సాగనంపే సన్నివేశం. సౌండుగారు అలవాటు కొద్దీ హెడ్‌ఫోన్లు పెట్టుకుని కూర్చున్నారు. తల్లి వేషం వేసిన పెద్దావిడ గొంతు వణికింది, కొడుకు అడుగులు దూరమయ్యాయి. ‘‘ఓకే! అద్భుతం!’’ అని ఆయన చప్పట్లు కొట్టారు.

‘‘ఏం ఓకే సార్! అమ్మగారు సగం నుంచి ఫ్రేములోనే లేరు’’ అన్నారు కెమెరామన్.

దర్శకులవారు షాటంతా కళ్లు మూసుకుని విన్నారు! సెట్టంతా ఒకటే నవ్వు. నిర్మాత మాత్రం నవ్వలేదు. ‘‘సౌండుగారూ, మనం తీసేది రేడియో నాటకం కాదండీ. సాయంత్రంలోగా ఈ సీను రాకపోతే రేపటి నుంచి వేరేవాళ్లు తీస్తారు. ఏమనుకోకండి’’ అన్నారు.

సౌండుగారి ముఖం పాలిపోయింది. ఎన్నో ఏళ్లుగా మనసులో మోసిన కథ అది. అయినా కెమెరామన్ మీద గానీ నటి మీద గానీ మాట తూలలేదు. హెడ్‌ఫోన్లు తీసి, తన స్థానంలోకి వచ్చిన కొత్త రికార్డిస్టు అమ్మాయికి ఇచ్చేశారు. ‘‘ఇవి నీ దగ్గరుంచు తల్లీ. ఇవి ఉంటే నాకు కళ్లు పనిచెయ్యవు’’ అన్నారు. తర్వాత పెద్దావిడ దగ్గరకు వెళ్లి, ‘‘చెప్పినచోట నిలబడకుండా కిటికీ దగ్గరకు ఎందుకెళ్లారమ్మా?’’ అని అడిగారు.

‘‘అయ్యో బాబూ, వాడు మలుపు తిరిగేదాకా కనిపిస్తాడు కదా! ఏ తల్లి తలుపు దగ్గరే ఆగిపోతుంది?’’

ఆయన ‘‘తప్పు నాదే. కెమెరాని కిటికీ దగ్గరకు తీసుకెళ్దాం’’ అన్నారు. ఈసారి రెప్ప వేయకుండా చూశారు. షాటు అయ్యాక ఓకే అనకుండా కెమెరామన్ వైపు తిరిగారు. ఆయన తల ఊపాకే తాను ఊపారు.

నిర్మాత లేచి వచ్చి, ‘‘రేపు పొద్దున్న కాస్త ముందే మొదలుపెడదామా, డైరెక్టరుగారూ?’’ అన్నారు.

ఒక విద్యలో అందరికీ గురువైన మనిషి, అదే జనం ముందు మరో విద్యకు మొదటి తరగతిలో కూర్చోవడం తేలికా? ఆ వినయాన్ని భగవంతుడు అందరికీ ఎందుకివ్వడో తెలియదు. ఆయనకు ఇచ్చాడు, అది మేం కళ్లారా చూశాం. ఆ చిత్రం తర్వాత మరో మూడు చిత్రాలకు దర్శకత్వం వహించి, మన సంస్థ పేరు నిలబెట్టారు. అలాంటివారితో కలిసి పనిచేశామని చెప్పుకోవడం మనకు గర్వకారణం.

ఐదో కథ సిద్ధంగా ఉందని విన్నాను. అందుకే విశ్రాంతి తీసుకోండి అనడానికి నాకు నోరు రావడం లేదు. దాన్ని తెరకెక్కించే ఓపికనూ, ఆ పైన మనవలతో కలిసి మళ్లీ మళ్లీ చూసుకునేటంతటి నిండు ఆయుష్షునూ, ఆరోగ్యాన్నీ ఆ దంపతులకు ప్రసాదించమని మనందరి తరఫున దేవుణ్ణి చేతులెత్తి వేడుకుంటున్నాను.