క్లేర్ ఏ ఏడు ఏం చేసింది

లాక్‌డౌన్ రోజులు. ఐర్లండ్‌లో, డబ్లిన్ పక్కనున్న క్లోనీ ఊళ్లో ఒక అద్దింటి వంటగది. భర్త లాప్‌టాప్ ముందున్నాడు. ఆసుపత్రి డ్యూటీ దిగి వచ్చిన భార్య చెంపల మీద మాస్కు గీతలు ఇంకా పోలేదు.

"క్లేర్ సినిమాకి అవార్డట! ఫిల్మ్ ఫెస్టివల్ ఆన్‌లైన్‌లో పెట్టారు కాబట్టి ఇంట్లోంచే చూడగలిగాను."

"ఎవరా క్లేర్?"

"డబ్లిన్‌లో నాతో ఫిల్మ్ కోర్సు చేసిన ఫ్రెంచ్ పిల్ల. రెండువేల పదిలో షూటింగుల్లో కాఫీలు మోసింది. పన్నెండులో అసిస్టెంటు. పదిహేనులో షార్ట్ ఫిల్మ్. పద్దెనిమిదిలో మొదటి సినిమా, అట్టర్ ఫ్లాప్. ఇప్పుడు పెద్ద డైరెక్టరు! ఆ పిల్లకి కెమెరా పట్టుకోవడం నేర్పిందే నేను."

"ఆవిడ జాతకమంతా కంఠతా పట్టారే! మరి నేనిక్కడ డాక్టరు పరీక్ష ఏ ఏడు పాసయ్యాను?"

"అదీ..."

"చెప్పండి."

"పప్పు మాడుతున్నట్టుంది, చూడు."

"స్టవ్ ఇంకా వెలిగించలేదు."