ఎనుకటిదాని కడుపులో

వందన ఇప్పటిదాకా నోరు తెరిచి ఎవ్వరితోనూ అనని మాట ఒకటుంది. సిద్ధిరాములు బిడ్డ మానస ఫోన్ నంబర్ తన దగ్గర ఉన్నది. ఉన్నా లేదని చెప్పింది. "ట్రైనింగ్ల బిజీగుండి నంబర్ మార్చినట్టున్నది మా ఎస్సై, నీకేమన్న ఎర్కనా బిడ్డా" అని సిద్ధిరాములు ఒకనాడు కుట్టుమిషన్ దగ్గరికొచ్చి అడిగితే, తెల్వదు కాకా అని తల ఎత్తకుండా జాకెట్టు చేతులు కుట్టుకుంటూ కూర్చున్నది.

మానస ఎస్సై కాదు. ట్రైనింగ్‌లోనూ లేదు. కామారెడ్డిలో ఒక బట్టల దుకాణంలో చీరలు మడతపెడుతుంది. పోలీసు కొలువు కోసం పరుగుపందెం గట్టెక్కింది, అంతే. ఆ సాయంత్రమే ఆమె నాయన బస్టాండ్ చుట్టూ జిలేబి పంచి మా బిడ్డ ఎస్సై అయిందన్నాడు. మర్నాటి నుంచి జనం పొలం గెట్టు పంచాయితీలు, తప్పిపోయిన మేకలు పట్టుకొని ఇంటికి రావడం మొదలుపెట్టారు. ఒకాయనైతే సొంత తమ్ముణ్ని ఒక రాత్రి లోపలేయించమని సొరకాయ ఇచ్చి పోయాడు. ఆఖరి జాబితాలో మానస పేరు రాలేదు. "ఎస్సై మేడం" అనే పిలుపు మాత్రం ఆమెను వదల్లేదు. కామారెడ్డి బస్సెక్కే ముందు వందనకు నంబర్ ఇచ్చి ఒక షరతు పెట్టింది. నా గురించి గానీ, తన గురించి గానీ, కోతలు కొయ్యకుండ ఒక్క నిజం మాట బాపు నోట్లకెళ్లి ఎల్లిన నాడు నాకు ఫోన్ చెయ్యి. అప్పటిదాంక ఆయనకు నంబర్ ఇయ్యకు.

ఒక్క మాటే కదా, వారం తిరగకముందే వస్తుందిలే అనుకున్నది వందన. వానాకాలం పోయి మళ్లీ వానాకాలం వచ్చింది.

వందన మిషన్ ఉండేది ఎల్లారెడ్డి బస్టాండ్ ఎదురుగా, సాలవ్వ చాయ్ హోటల్ రేకుల కిందనే, ఒక మూలకు. కుట్టుపని ఎవరూ నేర్పలేదు. ఫోన్లో చూసి, పాత జాకెట్లు విప్పి మళ్లీ కుట్టి తనే నేర్చుకున్నది. సిద్ధిరాములు నిజాంసాగర్‌లో చేపలు పట్టే మనిషి. వరదొచ్చి గేట్లెత్తితే తెప్ప కట్టెయ్యాల్సిందే కాబట్టి, ఆ రోజుల్లో పొద్దంతా సాలవ్వ బెంచీ మీదనే ఉంటాడు. ఉంటే ఊరికే ఉండడు. ఆయన కథ చెప్పాలంటే ఎవరో ఒకరు ఊ కొట్టాలి. ఊ ఆగితే ఆయనా ఆగుతాడు, చుక్కాని పోయిన తెప్ప లెక్క. చిన్నప్పటి నుంచి ఆ ఊ మానసది. ఆమె పోయినంక, ఎవరూ చెప్పకుండానే, మిషన్ తొక్కుకుంటూ వందన అందుకున్నది. షరతు కోసమని తనకు తాను చెప్పుకుంటుంది గానీ, షరతు లేకున్నా వినేదే. ఈ మనిషి నోట్లో నుంచి తర్వాత ఏం ఊడిపడుతుందో అన్న ఆత్రం ఆమెకు చాయ్ కంటే ఎక్కువ అలవాటైంది.

ఆ పొద్దు వాన సన్నగా పడుతుంది. ఆటో హన్మంతుకు కిరాయి లేదు. సిద్ధిరాములు తువ్వాలతో తల తుడుచుకొని, పెద్ద సంగతేం కాదన్నట్టు షురూ చేశాడు.

"నిన్న గేట్లు చూడబోయిన. మస్తు నీళ్లు. ఒడ్డుకు నిలబడి గాలమేస్తె ఒక వాలుగ పడ్డది. గీ బెంచంత ఉంటది."

"ఊ," అన్నది వందన.

బెంచంతేనా అన్నా, ఇయ్యాల పెయ్యి మంచిగ లేదా ఏంది అని హన్మంతు పరామర్శించాడు.

"నీకన్నీ తొందరనే హన్మంతు. ఆ తర్వాత ఏమైందో ఎర్కేనా? వాలుగను గుంజితె వాలుగ ఒక్కటే రాలె, దాని ఎంబడి తోలు అచ్చింది, నల్లగ, నాచు పట్టి, గుట్ట లెక్క. వాలుగ దానికి అతుక్కోనున్నది, బర్రెకు జలగ పట్టినట్టు. అప్పుడు సమజైంది నాకు, నేను దేన్ని లేపిన్నో. అది ఎనుకటిది. పేరు లేదు దానికి. పేరు పెట్టనీకి దానికంటె ముందుగాల పుట్టినోడు ఎవ్వడున్నడు? డ్యాం కట్టకముందు నుంచి, మంజీర పుట్టకముందు నుంచి గా గుండంల పండుకున్నది. మా తాత చెప్పెటోడు, అది ఒక కన్ను తెరిస్తె వరద, రెండు కండ్లు తెరిస్తె ఇగ చెప్పెటోడుండడు అని. నిన్న రెండూ తెరిసింది."

"ఊ."

"నేనొక్కణ్ని ఎట్ల ఆగుత? పెద్దకొడప్‌గల్ మంత్రగాడు దేవయ్యకు ఫోన్ కొట్టిన. వానకు సిగ్నల్ లేదు. గందుకని మనసుల్నే కొట్టిన. ఎత్తిండు. మొగులు మీద ఎక్కి అచ్చిండు, దిగి ఆ మొగులును గొంగడి మడిసినట్టు మడిసి సంకల పెట్టుకున్నడు. నిన్న పగటిపూట జరసేపు ఎండ గొట్టలె?"

కొట్టిందని హన్మంతు ఒప్పుకోక తప్పలేదు.

"మరి ఊరికే కొడ్తదా?"

దేవయ్య ఒక్కడితో కాలేదట. బీదర్ దిక్కు నుంచి ఒక మంత్రగాడు కన్నడంలో చదువుకుంటూ వచ్చాడట, దెగ్లూర్ నుంచి ఇంకొకడు మరాఠీలో. ఎనుకటిది ఇద్దరివీ కాసేపు విని, నిజాం కాలం నుంచి ఈడనే ఉన్న, జర ఉర్దూల చదువుండ్రి అన్నదట. నిమ్మకాయలు మంత్రించి విసిరితే, ఇంకో నాలుగు విసురుండ్రి, చేపల కూరల పిండుకుంట అన్నదట. బీదరాయన తన గడ్డాన్నే వల చేసి దాని మీద పరిస్తే, అది ఆ గడ్డంతో పండ్ల సందుల్లో ఇరికినవి తీసుకున్నదట. దెగ్లూరాయన గుట్టను పీకి నెత్తి మీద వేస్తే, దాన్ని తల కింద మెత్త లెక్క సర్దుకున్నదట. ఇవన్నీ సిద్ధిరాములు చేతులతో, భుజాలతో, ఒక్కోసారి సాలవ్వ చాయ్ గంటెతో చేసి చూపించాడు. సాలవ్వ గంటె గుంజుకొని మళ్లీ గిన్నెలో పెట్టుకున్నది.

"ఆ తర్వాత ఏమైందో ఎర్కేనా? దానికి కోపమొచ్చి ఒక్క ఊపిరి లోపటికి గుంజింది. కాలువలల్ల నీళ్లు ఎనుకకు మర్రినయ్. బాన్సువాడ నీళ్లు, బోధన్ నీళ్లు, ఏ పొలానికి పోయిన నీళ్లు ఆ పొలం నుంచి, నాట్లతో సహా తిరిగొచ్చినయ్."

"నాటేసే ఆడోళ్లు?" అని అడిగింది వందన. నిజంగానే తెలుసుకోబుద్ధయింది ఆమెకు.

"నడుము ఎత్తకుండ అచ్చిండ్రు బిడ్డా. పాట సుత ఆపలె."

అప్పుడే కామారెడ్డి బస్సు వచ్చి ఎదురుగా ఆగింది. కండక్టర్ దిగి కామారెడ్డి, కామారెడ్డి అని పిలుస్తున్నాడు. సిద్ధిరాములు బెంచీ మీదనే ఇటు తిరిగి, వీపు బస్సు దిక్కు పెట్టి, గొంతు పెంచాడు. ఎనుకటిది నోరు తెరిచిన తీరు, దాని అంగిట్లో గబ్బిలాలు వేలాడిన తీరు బస్టాండ్ మొత్తానికి వినబడేట్టు చెప్పాడు. బస్సు కదిలి మలుపు దాటినంక గొంతు మళ్లీ మామూలుగ అయింది. రోజూ అంతే. వందన చాలా రోజులుగా చూస్తుంది. ఇయ్యాల సాలవ్వ కూడా చూసింది, చేతిలో చాయ్ బట్ట పట్టుకొని.

"మంత్రగాండ్లు ముగ్గురూ అలిసిపోయి ఒడ్డుకు కూలబడ్డరు. సిద్ధిరాములూ, ఇగ మాతోని కాదు, లోపటికి పోయి చూసెటోడు కావాలె అన్నరు. నేను పోయిన. చెప్పులు గూడ ఇడువలె. నాలుక మీదికెళ్లి నడుసుకుంట, గొంతులకెళ్లి జారి, కడుపులకు దిగిన. దిగితె ఏమున్నది? ఊర్లకూర్లు ఉన్నయ్. డ్యాం కట్టినప్పుడు మునిగినయన్నీ ఆడ్నే ఉన్నయ్, ఇండ్లు, బండ్లు, కోళ్లు. ఎన్నడో వాగుల కొట్టుకపోయిన బస్సొకటి అండ్లనే తిరుగుతుంది. కండక్టర్ నన్ను చూసి టికెట్ అంటడు. యాడికి పోతదయ్యా అంటె, ఏడికీ పోదు, కానీ టికెట్ టికెట్టే అంటడు."

అక్కడ చాయ్ దొరుకుతదా అని సాలవ్వ అడిగింది. దొరుకుతది, నీదానికంటె చిక్కగుంటది అన్నాడు. హన్మంతు బెంచీ చరిచి నవ్వాడు. వందన కూడా నవ్వింది. ఊ అన్నది.

"ఇంకా లోపటికి పోయిన. చీకటి. ఆడ ఒక మూలకు దీపం ఎలుగుతుంది. దీపం కింద ఒక పిల్ల కూసోని చదువుకుంటుంది."

వందన కాలు మిషన్ మీద ఆగింది. ఊ కూడా ఆగింది. గుర్రాలొచ్చాయి, దయ్యాలొచ్చాయి, ఢిల్లీ నుంచి మంత్రులొచ్చారు గానీ, ఈయన కథల్లోకి ఏ పిల్లా ఇదివరకు రాలేదు.

"ఊ అను బిడ్డా. నువ్వు ఊ అనకుంటె నాకు అడుగు పడది."

"ఊ."

"నేనన్న, లే బిడ్డా, నోరు తెరిసున్నది, పోదాం పా. తల ఎత్తలె. ముగ్గురు మంత్రగాండ్లు నా ఎనుక ఉన్నరన్న. ఎత్తలె. మంజీర నీళ్లన్నీ మర్రగొట్టి అచ్చిన నీ కోసమన్న. గప్పుడెత్తింది. ఎత్తి..." సిద్ధిరాములు చేతిలో ఖాళీ గ్లాసును అటు తిప్పి ఇటు తిప్పాడు. "ఎత్తి, నీకిప్పుడు ఎవలు ఊ కొడ్తున్నరు అని అడిగింది."

హన్మంతుకు పూర్తిగా సమజ్ కాలేదో, అయి కూడా కథను ఒడ్డెక్కించుదామనుకున్నాడో, మరి ఆమెను ఎట్ల తోల్కచ్చినవ్ అన్నా అని అడిగాడు.

"తోల్కరానీకేంది. ఒక్క చేతితోని దాని పక్కబొక్కలు ఇరిసి, ఇంకో చేతితోని పిల్లను... ఆ తర్వాత ఏమైందో ఎర్కేనా?"

అడిగి, అందరి మొఖాలు చూశాడు. ఆ ప్రశ్న రోజూ అడిగేదే. అడిగిన మరుక్షణం జవాబు ఆయన నోటిలోనే ఉండేది. ఈసారి అడిగి ఊరుకున్నాడు. ఎవరన్నా చెప్తారేమో అన్నట్టు చూస్తున్నాడు. వందన ఊ అన్నది. ఇంకోసారి ఊ అన్నది. కథ కదల్లేదు.

సాలవ్వ చాయ్ వడపోసి, గిన్నె దించి, ఆయన ముందు కొత్త గ్లాసు పెట్టి అన్నది.

"ఓ సిద్ధిరాములూ. గంత పెద్దదాని నోట్లకు చెప్పులతోని నడిసిపోయినోనివి, గా కామారెడ్డి బస్సు మెట్టు ఎక్కనీకి నీకు కాళ్లెందుకు రావు?"

హన్మంతు నవ్వబోయి మానేశాడు.

జవాబు ఏం వస్తుందో వందనకు ముందే తెలుసు. బస్సెందుకు అక్కా, మా ఎస్సై జీపు పంపుతనన్నది. లేకుంటే, పోయిన వారమే పోయొచ్చిన, ట్రైనింగ్ల పెద్దసారు లేచి కుర్చీ ఇచ్చిండు. అలాంటివి ఆయన దగ్గర బస్తాలకొద్దీ ఉంటాయి. సిద్ధిరాములు నోరు తెరిచాడు కూడా. మూశాడు. చాయ్ గ్లాసు దిక్కు చూశాడు.

"భయమైతది అక్కా," అన్నాడు.

వందన ఎదురుచూసింది. ఇగ ఇప్పుడు ఆ భయానికి గుట్టలు కదుల్తాయి, గేట్లు వాటంతట అవే లేస్తాయి, ముగ్గురు మంత్రగాండ్లు వచ్చి ఆ భయాన్ని తాళ్లతో కడతారు. ఏదీ రాలేదు. ఆ మాట ఒక్కటే అక్కడ ఉన్నది, బెంచీ మీద, తడిసిన తువ్వాల పక్కన. తర్వాత ఆయన చాయ్ అందుకొని ఊదుకుంటూ తాగాడు. సాలవ్వ పొయ్యి దిక్కు తిరిగింది. కామారెడ్డికి పొద్దుగూకేలోపు ఇంకో బస్సు ఉన్నదని ఎవరికో చెప్తున్నట్టు పొయ్యికి చెప్పింది.

వందన సూది కింది బట్టను అలాగే వదిలేసి లేచింది. ఇన్ని రోజులు ఆ ఒక్క మాట సీదాగా నడుచుకుంటూ వస్తుందని కూర్చున్నది తను. చిన్న మాటను కూడా ఎనుకటిదాని కడుపులో నుంచి తిప్పి తెచ్చే మనిషి దగ్గర.

ఫోన్ ఎత్తంగనే మానస ముందుగాల అడిగేది, ఏమన్నడు అని. వందన మనసు అప్పుడే ఊరుకోక, చెప్పబోయేదానికి కొంచెం తడి కలపబోయింది. గొంతు వణికిందని చెప్తే? కండ్లు తుడుచుకున్నాడంటే? నీ పేరు పట్టి పిలిచాడంటే? ఇన్నాళ్లు ఊ కొట్టి కొట్టి తనకూ అంటుకున్నట్టున్నది ఆ రోగం. గొంతు వణకలేదు. కండ్లు తుడుచుకోలేదు. చాయ్ తాగుతున్నాడు, అంతే. భయమైతది అన్నడు, చాయ్ తాగుతున్నడు. గింతే చెప్పాలి. ఇంకొక్క ముక్క కలిపినా మానస పట్టేస్తుంది. ఆమె కంటే ఎక్కువగా ఆయనకు ఊ కొట్టినవాళ్లు ఎవరున్నారు?

వాన చప్పుడు తక్కువుండే చోటు వెతుక్కుంటూ రేకుల అంచుకు నడిచింది. వెనక నుంచి సిద్ధిరాములు, యాడికి పోతున్నవ్ బిడ్డా, కథ ఇంకా ఒడువలె అన్నాడు. అయిపోలేదని తనకూ తెలుసు. మిగిలింది ఆయన దగ్గర లేదు, కామారెడ్డిలో ఉన్నది. వందన ఫోన్ తీసి, తడి వేలును ఓణీకి తుడుచుకొని, ఇగ చేస్తా అనుకున్నది.