ఎడమదిక్కు జరుగు

అరబ్బు దేశపు రాజధానిలో, ముషైరిబ్ పేటలో, సన్మాన సభ ముందు ఆగిన కారులో ముసలి ఫుట్‌బాల్ గోల్‌కీపర్, ఆయన కూతురు.

"దిగు నాయినా! దేశపు మొదటి టీమ్ గోల్‌కీపర్‌వని అందరూ నీ కోసమే చూస్తున్నరు."

"నన్ను దుఖాన్ ఊరికి తీస్కపో. నా డిఫెండర్ జాసిమ్‌ను చూడాలె."

"అంత దూరమా, ఇప్పుడా? పోయిన వారం ఆయన నువ్వెవరో కూడ గుర్తువట్టలే గదా!"

"కొడుకులనే గుర్తువడ్తలేడు."

"మరెందుకు పోవుడు?"

"మా నాయిన ఇక్కడి అరబ్బు, అమ్మది కరీంనగర్. గోల్ ముంగట నిలబడితే నోట్లకెళ్ళి అమ్మ భాషే వచ్చేది. నేను గట్టిగ ఒర్రంగ ఒర్రంగ అరబ్బు డిఫెండర్లంతా ఆ మాటలు నేర్చుకున్నరు."

"వెయ్యిసార్లు విన్న ఈ కథ!"

"వాళ్లల్ల మిగిలింది వాడొక్కడే. ఎనక నిలబడి 'ఎడమదిక్కు జరుగు' అంటే, ఇప్పటికీ వీల్‌చైర్ ఎడమదిక్కే జరుపుతడు."

"యా అల్లా! నీతోని నా వల్ల కాదు. బెల్ట్ పెట్టుకో, దూరం పోవాలె."