మెల్లగా కదిలిన ఇల్లు
— ప్రేమలత, ప్రణాళికా విభాగం

2008 ఏప్రిల్ ఏడవ తేదీన, శంషాబాద్‌లో కొత్త విమానాశ్రయం తెరిచి నెల తిరగకముందే, శ్రీ ఉదయభాస్కర్ గారు మన గోదాముల సంస్థ ప్రణాళికా విభాగంలో బాధ్యతలు స్వీకరించారు. స్వస్థలం తెనాలి. అప్పటికే వారికి యాభై రెండేళ్లు. డ్రాయింగు బల్ల మీద గీతలు గీసి పండిన చేయి అది, కంప్యూటరు మౌస్ పట్టి ఎరగదు. అయినా మాలాంటి చిన్నవాళ్ల పక్కన కూర్చొని, ఏమాత్రం బిడియపడకుండా అడిగి నేర్చుకొని, ఏడాది తిరిగేసరికి స్లైడ్లంటే ఉదయభాస్కర్ గారే అనిపించుకొన్నారు.

వారి స్లైడ్లలో వస్తువులు కదిలే తీరు చూసి తీరవలసిందే. మేము చేసిన వాటిలో అక్షరాలు గిరికీలు కొట్టేవి, బాణాలు ఊడిపడేవి. "ఏమ్మా ప్రేమలతా, ఇది ప్రదర్శనా, తిరునాళ్లా?" అని ఆటపట్టిస్తూనే పక్కన కూర్చోబెట్టుకొని సరిదిద్దేవారు. నిదానంగా బయలుదేరి, మధ్యలో వేగం అందుకొని, ఆగబోయేముందు మళ్లీ నెమ్మదించాలన్నది వారి సూత్రం. "మంచి డ్రైవరు బస్సు ఆపితే నిలబడ్డవాళ్లు తూలరు" అనేవారు. 2010లో ఉత్తమ ఉద్యోగి పురస్కారం వారిని వరించింది.

ఇటుపైన, ఇలాంటి వీడ్కోలు సంచికలో ఎవరూ రాయని సంగతి రాయవలసి వస్తోంది. "అది రాయకపోతే నా గురించి అసలేమీ రాయొద్దు" అని వారే పట్టుబట్టారు.

2011లో తుక్కుగూడ వైపు మన రెండో గోదాము కోసం ఒక చిన్న వాడను ఖాళీ చేయించవలసి వచ్చింది. అక్కడివారికి వివరించడం కోసం ఉదయభాస్కర్ గారు స్వయంగా వాడంతా తిరిగి, ప్రతి ఇంటినీ ఉన్నదున్నట్టు గీశారు. రుక్కమ్మ గారనే పెద్దావిడ ఇంటికి నీలం తలుపు, పక్కన బర్రెల కొట్టం కూడా మరవలేదు. బటను నొక్కితే ఇళ్లు ఒక్కొక్కటిగా లేచి, రోడ్డు దాటి, కొత్త కాలనీలో కుదుపు లేకుండా కూర్చొనేవి. ఆఫీసులో అందరం చప్పట్లు కొట్టాం. ఇప్పుడు తలచుకొంటే సిగ్గుతో చచ్చిపోతున్నాను.

పంచాయతీ ఆఫీసు గోడకు తెల్లగుడ్డ కట్టి ఆ బొమ్మలు చూపించారు. పిల్లలు నవ్వారు. రుక్కమ్మ గారు మాత్రం లేచి నిలబడ్డారు.

"సారూ, మా ఇల్లు మల్లొక్కసారి చూపియ్యుండ్రి."

వారు సంతోషంగా చూపించారు.

"ఇగ ఎనుకకు తెస్తరా?"

వెనక్కి నొక్కారు. నీలం తలుపు ఇల్లు తన చోటికి తిరిగొచ్చింది.

"ఆఁ, గట్లనే ఉంచుండ్రి సారూ. ఇగ జరపకుండ్రి."

"కానివ్వండి, కానివ్వండి" అని మా పై అధికారి గదమాయించారు. ఉదయభాస్కర్ గారి వేలు బటను మీదే ఆగిపోయింది. రుక్కమ్మ గారు వారి ముఖంలోకే చూస్తూ నిలబడ్డారు. చివరికి వారు నొక్కారు. ఇల్లు ఎంతో మృదువుగా వెళ్లిపోయింది. సభ ముగిసేదాకా వారు తల ఎత్తలేదు.

ఆ వేసవిలో అసలు ఇల్లు కూలింది. జేసీబీకి అరగంట కూడా పట్టలేదు. ఉదయభాస్కర్ గారు కోరి మరీ శిక్షణ విభాగానికి మారిపోయారు. అప్పటినుంచి వారి స్లైడ్లలో ఒక్క బొమ్మా కదలలేదు. కొత్తగా చేరినవాళ్లు "పాతకాలపు మనిషి" అని చాటున నవ్వుకొన్నా వారు తీరు మార్చుకోలేదు.

ఈ 2014 ఏప్రిల్ నెలాఖరున వారు పదవీ విరమణ చేస్తున్నారు. రుక్కమ్మ గారిని వీడ్కోలు సభకు పిలవడానికి పోయిన వారం ఆ కొత్త కాలనీకి వెళుతూ నన్నూ వెంటబెట్టుకొన్నారు. రుక్కమ్మ గారి గుమ్మంలో చేతులు జోడించి, "ఆ రోజు నేను నొక్కకుండా ఉండవలసిందమ్మా. మీకు ముఖం చూపించలేక ఇన్నేళ్లూ ఇటు రాలేదు" అన్నారు. ఆ మాట అంటూ ఏడ్చారు.

పోనీలెమ్మని ఆవిడ అనలేదు. మంచం వాల్చి, నీళ్లిచ్చి, ఎదురుగా కూర్చొన్నారు.

"మా సిన్న మనుమలకు గా ఇల్లు యాదికి లేదు సారూ. గోదాం కింద యాడుండెనో మా ఇంటాయనకు ఎరుక, ఆయన పాయె. గీసినోనివి, నేను పోతే ఇగ నీకే ఎరుక. నూరేండ్లు బతుకు. మర్సిపోకు."

సతీమణి శ్రీమతి లలితకుమారి గారితో కలిసి శ్రీ ఉదయభాస్కర్ గారు ఆయురారోగ్యాలతో నిండు నూరేళ్లు జీవించాలని మనమందరం మనసారా కోరుకొందాం. ఆ తల్లి అడిగినట్టే, ఏదీ మరిచిపోకుండా.